తవ్వి తీసిన ఊరిని మళ్లీ మట్టిలో ఎందుకు కప్పారు?

స్కాట్లండ్ ఉత్తర కొసకు ఆవల ఉన్న ఆర్క్‌నీ దీవుల్లో, నెస్ ఆఫ్ బ్రాడ్గర్ అనే చోట ఇరవై ఏళ్లుగా సాగిన తవ్వకం 2024 ఆగస్టులో ముగిసింది. ఈజిప్టు మహా పిరమిడ్ కన్నా కొన్ని వందల ఏళ్లు పాతవైన రాతి కట్టడాలు అక్కడ బయటపడ్డాయి. అంతటి చోటు మీద కప్పు వేసి మ్యూజియం కడతారని ఎవరైనా అనుకుంటారు. జరిగింది వేరు. తీసిన మట్టినే తిరిగి పోసి గోడలను పూడ్చేశారు. కొన్నాళ్లకు అక్కడ కనిపించేది పచ్చిక బయలు మాత్రమే. మళ్లీ పూడ్చేదానికి ఇన్నేళ్లు తవ్వడం ఎందుకన్న ప్రశ్న సహజంగానే వచ్చింది.

క్లుప్తంగా: గాలి తగిలితే ఆ రాయి పలకలుగా విచ్చిపోతుంది కాబట్టి పూడ్చడమే దానికి రక్షణ. అక్కడికి కొద్ది మైళ్ల దూరంలోని స్కారా బ్రే నూరేళ్లుగా తెరిచే ఉంది, దాన్ని సముద్రం తరుముకొస్తోంది. ఈ రెండు చోట్ల దొరికిన ఇళ్లు, ఎముకలు, కుండ పెంకులు 5,000 ఏళ్ల నాటి ఐరోపా వాయవ్య అంచున జనం ఎలా కూడి బతికారో చెబుతున్నాయి. ఆ చెప్పే తీరు మాత్రం కాలనిర్ణయం మెరుగుపడిన ప్రతిసారీ మారుతూ వచ్చింది.

రాయి గుణం

ఆర్క్‌నీ నేల కింద ఉన్నది పొరలు పొరలుగా పేరుకున్న ఇసుకరాయి. సుమారు 38 కోట్ల ఏళ్ల కిందట ఒక పెద్ద సరస్సు అడుగున దిగిన ఒండ్రు గట్టిపడి అలా తయారైంది. తాండూరు, బేతంచర్ల బండలను చూసినవారికి దీని గుణం కొత్తగా అనిపించదు. అవి సున్నపురాయి, ఇది ఇసుకరాయి. అయినా పొర పట్టుకుని సుత్తితో తడితే పలకగా విడివడే తీరు ఒకటే. లోహం ఎరుగని జనానికి ఇంతకన్నా అనువైన సరుకు దొరకదు. గోడకు, అలమరకు, మంచానికి, పైకప్పుకు కూడా పలకలే వాడుకున్నారు.

కట్టేటప్పుడు మేలు చేసిన ఆ పొరలే తవ్వాక కీడు చేస్తాయి. 5,000 ఏళ్లు తడి మట్టిలో, దాదాపు మారని చల్లదనంలో ఉన్న రాయి ఒక్కసారిగా ఎండకు, గాలికి బయటపడుతుంది. పైపొర ఆరుతుంది, సందుల్లోకి వాన నీరు దిగుతుంది, చలికాలంలో అది గడ్డకట్టి ఉబ్బుతుంది. నాలుగైదు సార్లు ఇలా జరిగితే గోడ రాయి అప్పడంలా పగులుతుంది. అందుకే నెస్‌లో ఏటా వేసవిలో కొన్ని వారాలే తవ్వి, మిగతా ఏడాదంతా ప్లాస్టిక్ పట్టాలు కప్పి, అవి గాలికి లేవకుండా పాత టైర్లు బరువు పెట్టేవారు. అంత చేసినా ప్రతి ఏడూ కొంత పోయేది.

ఇంకో చిక్కు కూడా ఉంది. నెస్‌లో కట్టడం మీద కట్టడం లేచింది. కింది దాన్ని చూడాలంటే పై దాన్ని పెకలించక తప్పదు. పురావస్తు తవ్వకం అంటేనే ఒకసారి మాత్రమే చదవగలిగిన పుస్తకం, చదివిన పుట చిరిగిపోతుంది. రెండున్నర హెక్టార్లకు పైగా పరుచుకున్న ఆ స్థలంలో తవ్వింది పదో వంతు కూడా లేదు. మిగిలినదాన్ని రేపటి తరం మెరుగైన పరికరాలతో చదువుకుంటుందని వదిలేయడంలో ఓటమి ఏమీ లేదు. నిజానికి ఈ వృత్తిలో అరుదుగా కనిపించే నిగ్రహం అది.

పెంటకుప్పలో కట్టిన ఇళ్లు

ఆర్క్‌నీ అనగానే ముందుగా గుర్తొచ్చే పేరు స్కారా బ్రే. 1850లో వచ్చిన పెద్ద తుపాను స్కెయిల్ అఖాతం ఒడ్డున ఇసుక తిన్నెను కోసేయడంతో కింద గోడలు కనిపించాయి. స్థానిక భూస్వామి విలియం వాట్ తవ్వడం మొదలుపెట్టి 1868 నాటికి నాలుగు ఇళ్లు బయటికి తీశాడు. 1913లో ఎవరో ఒక వారాంతంలో పారలతో వచ్చి దొరికినంత దోచుకుపోయారు. 1924లో ఆ చోటు ప్రభుత్వ సంరక్షణలోకి వెళ్లింది. అంతలోనే మరో తుపాను ఒక ఇంటిలో కొంత భాగాన్ని పట్టుకుపోవడంతో సముద్రపు గోడ కట్టారు. 1927 నుంచి 1930 వరకు పురావస్తు శాస్త్రవేత్త గోర్డన్ చైల్డ్ అక్కడ పద్ధతిగా తవ్వాడు.

బయటపడిన ఎనిమిది ఇళ్లలో ఒకటి మినహా ఏ ఒక్కదానిలోకి దిగినా అమరిక దాదాపు ఒకటే. దారి మీటరు ఎత్తుకు మించదు, పైన బండల కప్పు, నడుం వంచి పోవాలి. గడప దాటితే సుమారు 40 చదరపు మీటర్ల ఒకే గది. నడిమధ్య రాళ్లు నిలబెట్టి కట్టిన నలుచదరపు పొయ్యి. దానికి అటూ ఇటూ నిలువు పలకలతో చేసిన పెట్టెల్లాంటి పడకలు, కుడి పక్కది పెద్దది, ఎడమ పక్కది చిన్నది. వాకిలికి సరిగ్గా ఎదురుగా రెండు అరల రాతి అలమర, అంటే లోపలికి వచ్చినవాడి కంట ముందుగా పడేది అదే. నేలలో చిన్న తొట్లు, నీరు కారకుండా వాటి అతుకులకు బంకమన్ను మెత్తారు. చేపలకు ఎరగా వాడే నత్తలను అందులో నానబెట్టి ఉంటారని ఒక ఊహ. ద్వారబంధానికి ఇరుపక్కలా అడ్డగడియ దూర్చే రంధ్రాలు. నేల అడుగున మురుగు కాలువలు కూడా ఉన్నాయి.

అసలు విశేషం గోడల వెనక ఉంది. ఇళ్ల మధ్య ఖాళీ లేదు. బూడిద, గవ్వలు, ఎముకలు, పేడ, కుళ్లిన చెత్త కలిసి ముద్దకట్టిన పెంటకుప్పలో ఇళ్లను పొదిగారు. ఇది అశుభ్రత కాదు, ఒక కట్టుబడి పద్ధతి. మెత్తని ఆ ముద్ద రాతి గోడలకు ఆనుడుగా నిలుస్తుంది, గాలి చొరనివ్వదు, లోపలి వెచ్చదనాన్ని బయటికి పోనివ్వదు. 59 డిగ్రీల ఉత్తర అక్షాంశంలో, చెట్లు అంతగా లేని దీవిలో, నడి చలికాలంలో పగలు ఆరు గంటలే ఉండే చోట ఇది ఎంత తెలివైన ఏర్పాటో ఊహించడం కష్టం కాదు.

చెట్లు లేవు కాబట్టే రాయి వాడారన్నది తరచు వినిపించే మాట. అది సగమే నిజం. అమెరికా వైపు నుంచి సముద్రంలో కొట్టుకొచ్చిన స్ప్రూస్, లార్చ్ దుంగల ముక్కలు స్కారా బ్రేలో దొరికాయి కాబట్టి కలపకు కొరత ఉన్నమాట వాస్తవమే. కానీ అదే దీవిలో వైడ్‌ఫర్డ్ కొండ దగ్గర అంతకు ముందు తరాలవారు కట్టిన కలప ఇళ్ల గుంజల గుంటలు కనిపించాయి. వాటి తరువాతే అక్కడ రాతి ఇల్లు లేచింది. అంటే తొలి రైతులకు కలప ఇల్లు తెలుసు, వారే రాతికి మళ్లారు. ఈ మార్పు అవసరంతో పాటు ఆలోచన వల్ల కూడా జరిగిందని ఇప్పుడు చాలామంది పరిశోధకులు భావిస్తున్నారు. కలప ఇల్లు ఒకటి రెండు తరాలతో సరి. రాతి ఇల్లు ముత్తాత పేరు చెప్పుకోవడానికి నిలుస్తుంది. పాపా వెస్ట్రే దీవిలోని నాప్ ఆఫ్ హౌవర్ ఇల్లు క్రీ.పూ. 3600 ప్రాంతానిది, దాని గోడలు ఇప్పటికీ నిలిచే ఉన్నాయి. ఇంగ్లండ్‌లోనూ నెదర్లండ్స్‌లోనూ ఆ కాలపు ఇళ్లు చాలా వరకు మట్టిలో రంగు మారిన గుంటలుగానే మిగిలాయి. ఆర్క్‌నీ ప్రజలు మిగతావారి కన్నా గొప్పవారు కానక్కరలేదు, వారి సామాను మాత్రం మిగిలింది.

తెగిన పూసల దండ

స్కారా బ్రే గురించి జనంలో పాతుకుపోయిన కథ ఒకటుంది. ఒక రాత్రి ఇసుక తుపాను ముంచుకొచ్చింది, అందరూ ఉన్నపళంగా పారిపోయారు, హడావుడిలో ఇరుకు వాకిలి దూరుతున్న ఒక స్త్రీ మెడలోని దండ తెగి పూసలు దారి పొడవునా రాలాయి. ఈ చిత్రం చైల్డ్ వ్యాఖ్యానం నుంచి వచ్చింది. పూసలు నిజంగానే వాకిలి దగ్గర చెదిరి దొరికాయి. పారిపోవడం మాత్రం ఊహ. తరువాతి పరిశీలనలో ఊరు ఒక్క రాత్రిలో కాక మెల్లమెల్లగా ఖాళీ అయినట్టు తేలింది. విపత్తు కథ చెప్పుకోవడానికి బాగుంటుంది, అందుకే కాబోలు అది ఇప్పటికీ వదలడం లేదు.

కాలం విషయంలోనూ చైల్డ్ లెక్క తప్పింది. ఆయన ఆ ఊరిని ఇనుప యుగానిదిగా, క్రీ.పూ. 500 ప్రాంతానిదిగా భావించాడు. అప్పటికి రేడియోకార్బన్ పద్ధతి లేదు. ఇతర చోట్ల దొరికిన వస్తువులతో పోల్చి వయసు కట్టడం ఒక్కటే దారి. 1972–73లో మళ్లీ తవ్వి, ఎముకల నమూనాలు పరీక్షించాక జనం అక్కడ క్రీ.పూ. 3180 నుంచి 2500 వరకు ఉన్నారని బయటపడింది. ఒక్క దెబ్బతో ఊరు రెండు వేల ఏళ్లకు పైగా వెనక్కి జరిగింది.

పద్ధతి సూటిగా ఉంటుంది. బతికినంత కాలం జీవి గాలి నుంచి, తిండి నుంచి కార్బన్ తీసుకుంటుంది. చనిపోయాక అందులోని కార్బన్-14 తెలిసిన వేగంతో తరిగిపోతుంది. ఎంత మిగిలిందో కొలిస్తే వయసు తెలుస్తుంది. అయితే ఒక్కో కొలతలో వంద, రెండు వందల ఏళ్ల సందిగ్ధం ఉంటుంది. ఇటీవలి ఏళ్లలో వందల కొలతలను మట్టిపొరల క్రమంతో కలిపి గణాంక పద్ధతిలో బిగిస్తున్నారు. కింది పొర పై పొర కన్నా పాతదై తీరాలన్న ఒక్క నియమం సందిగ్ధాన్ని బాగా తగ్గిస్తుంది. 2017లో ప్రచురితమైన ఇలాంటి అధ్యయనం ఒకటి ఆర్క్‌నీ నవీన శిలాయుగాన్ని, అంటే రాతి పనిముట్లతోనే వ్యవసాయం సాగిన కాలాన్ని, నిదానంగా సాగిన వెయ్యేళ్లుగా కాక, ఎగుడుదిగుడుల చరిత్రగా చూపింది. క్రీ.పూ. 3100–2900 మధ్య ఊళ్లు, కట్టడాలు ఒక్కసారిగా పెరిగాయి. 2800 తరువాత తగ్గుముఖం పట్టాయి.

కాలనిర్ణయం కథనాన్ని ఎలా తిరగేస్తుందో చెప్పడానికి ఆర్క్‌నీలోనే ఉన్న ఇస్‌బిస్టర్ సమాధి చాలు. 1958లో ఒక రైతు దాన్ని కనిపెట్టాడు. లోపల వేల మానవ ఎముకలతో పాటు తెల్లతోక గద్దల ఎముకలు దొరికాయి. గద్దను కులచిహ్నంగా కొలిచిన తెగ సమాధి కట్టుకుందన్న వివరణ వెంటనే వచ్చింది, 'గద్దల సమాధి' అన్న పేరూ స్థిరపడింది. తరువాత ఎముకలకు విడిగా కాలం కట్టి చూస్తే, గద్దలు సమాధి కట్టిన తరువాత అయిదారు వందల ఏళ్లకు పైగా గడిచాక అక్కడికి చేరాయని తెలిసింది. కట్టినవారు వేరు, గద్దలను పెట్టినవారు వేరు.

ఇల్లు పెరిగి కొలువైంది

స్కారా బ్రే ఇల్లు అర్థమైతే నెస్ ఆఫ్ బ్రాడ్గర్ సగం అర్థమైనట్టే. ఉప్పునీటి స్టెన్నెస్ సరస్సుకూ మంచినీటి హారే సరస్సుకూ మధ్య సన్నని నేలపట్టీ మీద ఉంది ఆ చోటు. దానికి ఒక పక్క స్టెన్నెస్ నిలువు రాళ్లు, మరో పక్క 104 మీటర్ల వ్యాసంతో బ్రాడ్గర్ రాతి వలయం ఉన్నాయి. కాస్త దూరంలో మేస్‌హౌ సమాధి, నడి చలికాలపు అస్తమయ కిరణం దాని సొరంగ దారి గుండా లోపలి గోడను తాకుతుంది. ఇన్ని కళ్లెదుట ఉన్నా నడుమ ఉన్న గట్టును సహజమైన దిబ్బ అనే అనుకున్నారు. 2003లో పొలం దున్నుతుంటే గాట్లు కోసిన ఒక పెద్ద పలక పైకి వచ్చింది. ఆ తరువాతే పురావస్తు శాస్త్రవేత్త నిక్ కార్డ్ నాయకత్వంలో అసలు తవ్వకం మొదలైంది.

సమీపంలోని బార్న్‌హౌస్ ఊరు ఈ రెంటికీ మధ్య మెట్టు. 1984లో కోలిన్ రిచర్డ్స్ కనిపెట్టిన ఆ ఊళ్లోనూ నడిమధ్య పొయ్యి, ఎదురుగా అలమర, పక్కల పడకలు ఉన్నాయి. ఇళ్లు మాత్రం విడివిడిగా నిలబడ్డాయి. వాటి నడుమ ఒకటి రెండు కట్టడాలు మిగతావాటి కన్నా చాలా పెద్దవి. నెస్‌లో ఆ పెంపు పరాకాష్ఠకు చేరింది. పదో నంబరు కట్టడం పొడవు దాదాపు 25 మీటర్లు, గోడల మందం నాలుగైదు మీటర్లు. అందులోనూ పొయ్యి, అలమర కనిపిస్తాయి, కాని అది కాపురానికి కట్టింది కాదు. మామూలు ఇంటి రూపాన్నే తీసుకుని అందరూ కూడే కొలువుగా పెంచారు. గుడిని దేవుడి ఇల్లు అనే వాడుక ఉన్న భాషవారికి ఈ తర్కం వెంటనే అందుతుంది.

నెస్ గోడ రాళ్ల మీద వందల సంఖ్యలో గీతల నగిషీలు ఉన్నాయి. కొన్నింటికి ఎరుపు, పసుపు, నారింజ రంగులు పూశారు. వేరువేరు ఊళ్లవారు ఎవరి కట్టడం వారు పక్కపక్కనే కట్టుకుని పోటీ పడ్డారన్నది ఒక వివరణ. పోటీ ఉన్నచోట హడావుడి కూడా ఉంటుంది. పాత కట్టడాల మీద సరైన పునాది లేకుండా లేపడం వల్ల పదో నంబరు కట్టడం కొంత కాలానికే కుంగి కూలింది, మళ్లీ కట్టాల్సి వచ్చింది.

ముగింపు మాత్రం ఘనంగా జరిగింది. క్రీ.పూ. 2400 అటూ ఇటుగా ఆ కట్టడం చుట్టూ బాటలో నాలుగు వందలకు పైగా పశువుల ఎముకలు పరిచారు. వాటిలో ఎక్కువ భాగం కాలి నల్లి ఎముకలే, మూలుగు కోసం పగలగొట్టినవి. వాటి మీద ఎర్ర దుప్పుల కళేబరాలు ఉంచారు. ఆస్తి అంటే పశువులే అయిన సమాజంలో అన్ని తలలను తెగనరికారంటే అది మామూలు విందు కాదు. ఒక శకానికి చేసిన సాగనంపు అని చాలామంది పరిశోధకుల అభిప్రాయం.

ఎలుకా, కుండా, పంది

ఈ దీవి ఐరోపాకు ఒక మూల, నిజమే. మారుమూల మాత్రం కాదు. దానికి గట్టి సాక్షి ఒక పొలం ఎలుక. ఆర్క్‌నీ వోల్ అనే ఆ జాతి బ్రిటన్ ప్రధాన భూభాగంలో ఎక్కడా లేదు. జన్యు పరీక్షల్లో దాని దగ్గరి చుట్టాలు ఇప్పటి బెల్జియం తీరం వైపు తేలాయి. 5,000 ఏళ్ల కిందటే అది ఆర్క్‌నీలో ఉంది. అంటే మధ్యలో ఆగకుండా నేరుగా పడవల్లో, బహుశా పశువుల గడ్డిలో దాగి వచ్చింది. ఆవులను పడవెక్కించి అంత దూరం సముద్రం దాటించగలిగిన జనం వారు. స్కారా బ్రేలో కాలిన వోల్ ఎముకలు కూడా దొరికాయి కాబట్టి ఆ ఎలుకను కాల్చుకు తిన్నారని కూడా తెలుస్తోంది.

రాకపోకలు ఒక వైపే సాగలేదు. అడుగు చదునుగా ఉండి ఒంటి మీద గాడులు గీసిన కుండలు మొదట ఆర్క్‌నీ చుట్టుపక్కల క్రీ.పూ. 3200 ప్రాంతంలో పుట్టి, తరువాత దక్షిణాన బ్రిటన్ అంతటికీ, ఐర్లండ్‌కూ పాకాయన్నది ఇప్పుడు ఎక్కువమంది ఒప్పుకునే మాట. దక్షిణ ఇంగ్లండ్‌లోని పెద్ద రాతి వలయం స్టోన్‌హెంజ్‌ను కట్టినవారి ఊరిగా భావించే డరింగ్టన్ వాల్స్‌లో క్రీ.పూ. 2500 నాటి ఇళ్ల సుద్ద నేలలు బయటపడ్డాయి. అక్కడ గోడలు కలపవి, ఎప్పుడో కుళ్లిపోయాయి. నేల మీద మిగిలిన జాడలు మాత్రం నడిమధ్య పొయ్యిని, పక్కల పడకలను, వాకిలి ఎదుట అలమరను చూపిస్తున్నాయి. దాదాపు తొమ్మిది వందల కిలోమీటర్ల దూరంలో, వేరే సామానుతో, అదే ఇల్లు. అక్కడి విందుల్లో తిన్న పందుల్లో కొన్ని స్కాట్లండ్ అంత దూరం నుంచి తోలుకొచ్చి ఉండవచ్చని 2019లో వాటి ఎముకల రసాయన పరీక్షలు సూచించాయి.

2024లో వార్తలకెక్కిన స్టోన్‌హెంజ్ 'బలిపీఠం రాయి' సంగతీ ఈ దారిలోదే. ఆరు టన్నుల ఆ రాయి ఈశాన్య స్కాట్లండ్ నుంచి, కనీసం 750 కిలోమీటర్ల దూరం వచ్చిందని దానిలోని ఖనిజ రేణువుల వయసులు చెప్పాయి. వెంటనే కొన్ని శీర్షికలు దాన్ని ఆర్క్‌నీకి కట్టబెట్టాయి. అదే ఏడాది వచ్చిన మరో పరిశీలన ఆర్క్‌నీ ప్రధాన దీవిని ఆ జాబితా నుంచి తొలగించింది. ఆ రాయి పుట్టిన క్వారీ ఇంకా దొరకలేదు.

మగవారు ఉన్నచోటే, ఆడవారు బయటి నుంచి

క్రీ.పూ. 2450 తరువాత ఐరోపా ఖండం నుంచి వచ్చిన వలసలతో బ్రిటన్ జనాభా వంశవారసత్వంలో దాదాపు 90 శాతం మారిపోయిందని 2018లో పురాతన డీఎన్ఏ అధ్యయనం ఒకటి చూపింది. ఆర్క్‌నీలోనూ అంతే అయి ఉంటుందని అనుకున్నారు. వెస్ట్రే దీవిలోని లింక్స్ ఆఫ్ నోల్ట్‌లండ్‌లో కంచు యుగపు ఎముకలను పరీక్షించిన 2022 నాటి అధ్యయనం వేరే చిత్రం చూపింది. మొత్తం వారసత్వం మారింది, అయితే తండ్రి నుంచి కొడుక్కి మాత్రమే వచ్చే వై క్రోమోజోము మాత్రం పాత నవీన శిలాయుగపు వంశాలదే. అంటే కొత్తవారిలో ఎక్కువమంది కోడళ్లుగా వచ్చిన స్త్రీలు. భూమి పట్టుకుని ఉన్న పాత కుటుంబాలు తండ్రి వరుసను కనీసం వెయ్యేళ్లు కాపాడుకున్నాయన్నమాట. రాతి ఇంటికీ వంశానికీ ఉన్న ముడి గురించి పైన చెప్పిన ఊహకు ఇది ఊతమిస్తుంది, రుజువు కాదు.

పూడ్చినది, పూడ్చలేనిది

స్కారా బ్రే, మేస్‌హౌ, రెండు రాతి వలయాలు కలిపి 1999లో ప్రపంచ వారసత్వ జాబితాలో చేరాయి. 2019లో జరిపిన వాతావరణ మార్పు అంచనాలో ఈ స్థలానికి ముప్పు తీవ్రస్థాయిలో ఉందని నిర్ణయించారు. స్కారా బ్రే కట్టిన నాడు సముద్రం ఇంత దగ్గరగా లేదు. ఇప్పుడు సముద్రపు గోడ ముందు భాగాన్ని కాస్తోంది, అలలు గోడ రెండు కొసల పక్కనా ఒడ్డును కొరుక్కుతింటున్నాయి. నెస్‌ను పూడ్చినట్టు దాన్ని పూడ్చడం కుదరదు. దీవి పర్యాటకం దాని మీద ఆధారపడి ఉంది, పైగా మట్టి కప్పినంత మాత్రాన అల ఆగదు. గోడను పొడిగించడం, కోత ముందుకు సాగే చోట్ల అత్యవసర తవ్వకాలు చేయడం, పోతే పోనీ అని ముందే పూర్తిగా నమోదు చేసుకోవడం అన్నవే మిగిలిన దారులు.

నెస్‌లో పార దించారు గాని పని ఆగలేదు. ఇరవై వేసవుల్లో పోగైన పెంకులు, ఎముకలు, రాళ్లు, మట్టి నమూనాలు ప్రయోగశాలల్లో వరుస కట్టి ఉన్నాయి. తవ్వి తీసినదాన్ని చూడకుండా పక్కన పెడితే ఏమవుతుందో స్కారా బ్రేలోనే ఒక ఉదాహరణ ఉంది. విలియం వాట్ 1860ల్లో అక్కడ తిమింగలం ఎముకతో చెక్కిన మనిషి బొమ్మ ఒకటి బయటికి తీశాడు. కళ్లు, నోరు, బొడ్డు ఉన్న ఆ బొమ్మ ఎత్తు 9.5 సెంటీమీటర్లు. తరువాత అది ఏమైందో ఎవరికీ తెలియలేదు. 2016లో స్ట్రామ్‌నెస్ మ్యూజియంలో పాత అట్టపెట్టెలు సర్దుతుంటే, వాటిలో ఒక దాని నుంచి మళ్లీ బయటపడింది.